లా కళాశాలల పెద్దలకు: ఆ నాలుగు ప్రాక్టికల్ పేపర్లు నిజంగా జరిపించండి

రెండు తెలుగు రాష్ట్రాల లా కళాశాలల ప్రిన్సిపాళ్లకు, విశ్వవిద్యాలయాల న్యాయశాస్త్ర బోర్డ్ ఆఫ్ స్టడీస్ (పాఠ్యాంశాలు నిర్ణయించే మండలి) సభ్యులకు,

నమస్కారం.

మూడేళ్ల ఎల్‌ఎల్‌బీ అయినా, ఇంటర్ తర్వాత చేరే అయిదేళ్ల కోర్సు అయినా, బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2008 నియమాల ప్రకారం ప్రతి విద్యార్థీ నాలుగు ప్రాక్టికల్ పేపర్లు పూర్తిచేయాలి. డ్రాఫ్టింగ్ (ముసాయిదా రాయడం), ప్లీడింగ్ (కోర్టులో వేసే దావా, జవాబు పత్రాలు), కన్వేయన్సింగ్ (ఆస్తి దస్తావేజులు రాయడం) కలిపి ఒకటి. వృత్తి నైతికత ఒకటి. ప్రత్యామ్నాయ వివాద పరిష్కారం ఒకటి. మూట్ కోర్టు (నమూనా కోర్టులో వాదించే అభ్యాసం), ఇంటర్న్‌షిప్ కలిపి ఒకటి. చాలా కాలేజీల్లో ఈ నాలుగింటికీ మార్కులు ధారాళంగా పడుతున్నాయి, పని మాత్రం జరగడం లేదు. ఈ సంగతి మీకూ తెలుసు. ఈ పేపర్లను నిజంగా జరిపించమని అడగడానికే ఈ ఉత్తరం. ఇందుకు కొత్త జీవో అక్కర్లేదు, కొత్త భవనం అక్కర్లేదు. ఉన్న నియమంలో ఉన్న మార్కులతోనే సాధ్యం. ఎలాగో కింద రాశాం.

ముందు, ఇప్పుడే ఎందుకు అడుగుతున్నామో చెప్పాలి. 2025 మే 20న సుప్రీంకోర్టు జూనియర్ సివిల్ జడ్జి పోస్టుకు మూడేళ్ల ప్రాక్టీసు తప్పనిసరి చేసింది. అంతవరకు డిగ్రీ చేతికి రాగానే కోచింగ్‌లో చేరి పరీక్ష రాసే దారి ఉండేది. ఇప్పుడు జడ్జి కావాలనుకునేవారు కూడా ముందు నల్లకోటు వేసుకుని మూడేళ్లు కోర్టులో నిలబడాలి. ఆ మూడేళ్లు గడిచేది ఎలా? జూనియర్లకు పల్లె ప్రాంతాల్లో నెలకు కనీసం 15,000, పట్టణాల్లో 20,000 రూపాయలు ఇవ్వాలని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2024 అక్టోబరులో సూచించింది. అది సూచనే, నిర్బంధం కాదు. జిల్లా కోర్టులో సీనియర్ తన జేబులోంచి జూనియర్‌కు డబ్బు తీసి ఇవ్వాలంటే ఆ జూనియర్ పనికొచ్చే పని ఏదో ఒకటి చేయగలగాలి. ప్రోనోటు దావా రాయడం, రిటర్న్ అయిన (కోర్టు లోపాలు చూపి తిప్పి పంపిన) ఫైలు సరిచేసి మళ్లీ వేయడం, వాయిదా రోజున కేసు ఏ దశలో ఉందో చూసి చెప్పడం వంటివి. ఇవి రాని కుర్రవాడికి, అమ్మాయికి మొదటి ఏడాదంతా ఫైళ్లు మోయడంతోనే సరిపోతుంది. నగరంలో అద్దె కట్టుకుంటూ అలా ఏడాది ఉండగలిగేది ఇంటి నుంచి డబ్బొచ్చేవారే. మిగతావాళ్లు రెండో ఏటికే వృత్తి వదిలేస్తున్నారు.

డిగ్రీ తర్వాత ప్రాక్టీసుకు అర్హత ఇచ్చే ఆలిండియా బార్ పరీక్ష ఈ లోటు తీరుస్తుందా అంటే, తీర్చదు. అందులో వంద ప్రశ్నలు, నోట్సు లేని బేర్ యాక్టులు (చట్టాల మూలపాఠాలు) పక్కన పెట్టుకోవచ్చు. నాలుగు జవాబుల్లోంచి ఒకటి ఎంచుకోవడమే. ప్లెయింటు (దావా పత్రం) రాయించే పరీక్ష అది కాదు. రాయడం నేర్పి, రాసింది దిద్దే అవకాశం కోర్సు మొత్తంలో ఉన్నది ఆ నాలుగు పేపర్లలోనే.

డ్రాఫ్టింగ్ పేపరు సంగతే తీసుకోండి. నియమం చాలా స్పష్టంగా ఉంది. ప్లీడింగ్స్‌లో పదిహేను అభ్యాసాలు, ఒక్కోదానికి 3 మార్కుల చొప్పున 45. కన్వేయన్సింగ్‌లో మరో పదిహేను, 45. వైవాకు (మౌఖిక పరీక్షకు) 10. జరుగుతున్నదేమిటంటే, సీనియర్ల రికార్డు జిరాక్సు షాపులో దొరుకుతుంది, దాన్ని చూసి రెండు మూడు రాత్రుల్లో ముప్పై అభ్యాసాలూ కొత్త రికార్డులోకి ఎక్కించేస్తారు. తేదీలు కూడా మారవు.

అలాంటి ఒక రికార్డులో ఇంజంక్షన్ (ఎదుటివారిని ఒక పని చేయకుండా ఆపే ఉత్తర్వు) కోరే దావా పేజీ తెరిచి చూడండి. ప్లెయింటు షెడ్యూలులో సర్వే నంబరు ఉంటుంది, నాలుగు హద్దులు ఉండవు. వ్యాజ్య కారణం ఎప్పుడు పుట్టిందో తేదీ ఉండదు. ఒకవేళ ఉంటే, వెరిఫికేషన్ (రాసింది నిజమేనని వాది చేసే ధ్రువీకరణ) కింద వేసిన తేదీ దానికంటే ముందుది. దావా విలువ రాసి, కోర్టు ఫీజు ఏ సెక్షన్ కింద లెక్కగట్టారో వదిలేస్తారు. పత్రాల జాబితా ఉండదు. ఇదే ప్లెయింటు కోర్టు ఫైలింగ్ కౌంటరులో ఇస్తే వెనకాల అభ్యంతరాలు రాసి, గడువు పెట్టి తిప్పి పంపుతారు. కాలేజీలో అదే ప్లెయింటుకు మూడుకు మూడు పడతాయి.

కొత్త క్రిమినల్ చట్టాలు వచ్చాక ఈ చూసిరాత మరింత ప్రమాదకరమైంది. 2024 జూలై 1 నుంచి నేర విచారణ పద్ధతి చెప్పే సీఆర్‌పీసీ స్థానంలో బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) అమల్లో ఉంది. పాత రికార్డులో ముందస్తు బెయిల్ పిటిషన్ సెక్షన్ 438 సీఆర్‌పీసీ కింద ఉంటుంది. విద్యార్థి చట్టం పేరు మార్చి, అంకె మార్చకుండా 438 బీఎన్‌ఎస్‌ఎస్ అని రాస్తాడు. కొత్త చట్టంలో 438 రివిజన్‌కు (కింది కోర్టు ఉత్తర్వును పై కోర్టు పరిశీలించడానికి) సంబంధించినది. ముందస్తు బెయిల్ ఇప్పుడు 482. ఆ 482 అనే అంకె నిన్నమొన్నటి దాకా హైకోర్టులో కేసు కొట్టివేయించడానికి వేసే పిటిషన్‌ది, అదిప్పుడు 528కి వెళ్లింది. నేరాలు, శిక్షలు చెప్పే ఐపీసీ స్థానంలోనూ అదే రోజు బీఎన్‌ఎస్ వచ్చింది. జూలై 1కి ముందు జరిగిన నేరానికి ఐపీసీయే వర్తిస్తుంది కాబట్టి ఇప్పుడు చదువుతున్న పిల్లలకు పాత, కొత్త అంకెలు రెండూ రావాలి. చూసి రాస్తే ఇది ఒంటబట్టదు. నేరం జరిగిన తేదీ, ఎఫ్‌ఐఆర్ తేదీ మార్చి మార్చి ఇచ్చి, ఏ చట్టం కింద రాయాలో వాళ్లచేతే తేల్చించాలి.

మా సూచన ఇది. ముప్పై అభ్యాసాల సంఖ్య అలాగే ఉంచండి, చేయించే పద్ధతి మార్చండి. ప్రతి విద్యార్థికీ వేరు వేరు సంగతులున్న అర పేజీ కాగితం ఇవ్వండి. తరగతి గదిలోనే కూర్చోబెట్టి రెండు గంటల్లో మొదటి ప్రతి రాయించండి. అధ్యాపకుడు దాన్ని దిద్దకూడదు. ఫైలింగ్ సెక్షన్ చేసినట్టు, వెనకాల అభ్యంతరాలు మాత్రమే రాసి తిప్పి ఇవ్వాలి. ‘కోర్టు ఫీజు ఎలా లెక్కించారో చూపండి’, ‘హద్దులు రాయండి’, ‘లిమిటేషన్‌లో (దావా వేసే గడువులో) ఎలా ఉందో చెప్పండి’ అన్నట్టుగా. వారం లోపు విద్యార్థి సరిచేసి మళ్లీ సమర్పించాలి. మూడు మార్కుల్లో మొదటి ప్రతికి ఒకటి, అభ్యంతరాలు తీర్చినందుకు రెండు. కోర్టులో జూనియర్ రోజూ చేసే పని ఇదే. కాలేజీలో ముప్పై సార్లు చేసి వచ్చినవాళ్లకు మొదటి రిటర్న్ చూసి కాళ్లు వణకవు.

అభ్యాసాల ఎంపిక కూడా ఆలోచించి చేయాలి. తేదీలు లెక్కపెట్టించేవి కొన్ని తప్పకుండా ఉండాలి. చెక్కు కేసు ఇందుకు చక్కగా పనికొస్తుంది. చెక్కు తిరిగొచ్చిందని బ్యాంకు నుంచి సమాచారం అందిన 30 రోజుల్లో నోటీసు ఇవ్వాలి, నోటీసు అందాక 15 రోజులు ఆగాలి, అప్పటికీ డబ్బు రాకపోతే ఆ గడువు ముగిసిన నాటి నుంచి నెలలోపు ఫిర్యాదు వేయాలి. కాగితంలో నాలుగు తేదీలు ఇచ్చి, అందులో ఒకటి గడువు దాటించి పెట్టండి. గమనించినవాళ్లు ఆలస్యాన్ని మన్నించమనే పిటిషన్ కూడా జతచేస్తారు, గమనించనివాళ్లు వైవాలో నేర్చుకుంటారు. భాగపంపిణీ దావా ఇంకొకటి. 1956 నాటి కోర్టు ఫీజుల చట్టం సెక్షన్ 34లో, వాది ఉమ్మడి స్వాధీనంలో ఉన్నానంటే స్థిరమైన ఫీజు, తనను స్వాధీనం తప్పించారంటే వాటా విలువను బట్టి ఫీజు. ఒక్క వాక్యం రాసే తీరుతో క్లయింటు కట్టాల్సిన మొత్తం మారిపోతుందని విద్యార్థికి అక్కడ అర్థమవుతుంది.

దస్తావేజుల్లోనూ అంతే. వీలునామాకు, గిఫ్టు డీడుకు, తాకట్టు దస్తావేజుకు ఇద్దరు సాక్షుల అటెస్టేషన్ చట్టరీత్యా తప్పదు. క్రయ దస్తావేజుకు ఆ నిబంధన లేదు, అలవాటుగా పెట్టిస్తారు. అద్దె ఒప్పందాలు పదకొండు నెలలకు ఎందుకు రాస్తారో ఊళ్లో అందరికీ తెలిసినట్టే ఉంటుంది. ఏ అద్దె ఒప్పందానికి రిజిస్ట్రేషన్ తప్పనిసరో, ఆ మాట ఏ చట్టం చెబుతోందో అడిగితే ఫైనలియర్ విద్యార్థి నీళ్లు నములుతాడు. తప్పు అతనిది కాదు. చేత్తో ఒక్క దస్తావేజు కూడా సొంతంగా రాయకుండా అయిదు సెమిస్టర్లు దాటించాం.

భాష గురించి ఇక్కడే చెప్పాలి. లా ప్రవేశ పరీక్ష లాసెట్ ప్రశ్నపత్రం తెలుగులోనూ ఉంటుంది. సీటు వచ్చాక పుస్తకాలు, తీర్పులు దాదాపు అన్నీ ఇంగ్లీషువే. తెలుగు మీడియంలో డిగ్రీ చేసిన విద్యార్థి మొదటి సెమిస్టరులోనే గైడ్ల మీద పడటానికి కారణం ఇదే. ఇటు ఇంగ్లీషు మీడియం విద్యార్థికి ఎదురయ్యే ఇబ్బంది వేరు, దాన్ని ఎవరూ పట్టించుకోవడం లేదు. అతనికి పాత తెలుగు దస్తావేజు చదవడం రాదు, పహాణీ, అడంగల్ అనే భూమి రికార్డుల్లో ఏ గడి ఏమిటో తెలియదు. తెలంగాణలో 2-20 అని ఉంటే రెండెకరాల ఇరవై గుంటలు, అంటే రెండున్నర ఎకరాలు. ఆంధ్రలో 2.20 అంటే రెండెకరాల ఇరవై సెంట్లు, ఎకరాలో అయిదో వంతే ఎక్కువ. షెడ్యూలులో ఈ తేడా పొరబడితే డిక్రీ వచ్చాక అమలు దగ్గర చిక్కొస్తుంది. అందుకని పదిహేను కన్వేయన్సింగ్ అభ్యాసాల్లో కనీసం అయిదు తెలుగులో రాయించండి. ప్లీడింగ్స్‌లో కొన్నింటికి ఆధారంగా తెలుగు దస్తావేజు నకలు, పేర్లు కొట్టేసి, ఇవ్వండి. ఇంగ్లీషు తీర్పులు చదవలేని విద్యార్థులకు సుప్రీంకోర్టు వెబ్‌సైటులో తెలుగులోకి అనువదించిన తీర్పులు దొరుకుతున్నాయి. రెండూ పక్కపక్కన పెట్టి చదివించే గంట ఒకటి టైం టేబుల్లో ఉండాలి. 2023 జూన్‌లో తెలంగాణ హైకోర్టు ధర్మాసనం ఒక ఆస్తి వివాదంలో తెలుగులోనే తీర్పు వెలువరించింది. మన కాలేజీల్లో తెలుగులో ఒక వాదన రాతప్రతి తయారుచేయించినా తప్పులేదు.

ఇక మూట్ కోర్టు పేపరు. దీని వంద మార్కుల్లో మూడు మూట్లకు 30, కోర్టులో విచారణలు గమనించినందుకు 30, క్లయింటు ఇంటర్వ్యూలు, ఫైలింగ్ పనికి 30, వైవాకు 10. మూట్లలో ఎప్పుడూ రాజ్యాంగ సమస్యలే ఇస్తున్నారు. మూడింటిలో ఒకటైనా తాత్కాలిక ఇంజంక్షన్ పిటిషన్‌దో, బెయిల్ పిటిషన్‌దో పెట్టి, పది నిమిషాల్లో వాదన ముగించమనండి. మేజిస్ట్రేట్ ముందు జూనియర్‌కు దొరికేది అంతకంటే ఎక్కువ ఉండదు.

విచారణలు గమనించే భాగంలో జరిగే పొరపాటు తేలిగ్గా పట్టుకోవచ్చు. విద్యార్థులు ఒక రోజు పొద్దున పదిన్నరకు కోర్టుకు వెళ్తారు. అప్పుడు కేసులు పిలవడం, వాయిదాలు వేయడం జరుగుతుంటుంది. గంటసేపు నిలబడి, ఏమీ అర్థంకాక వచ్చేస్తారు. తర్వాత రికార్డులో కల్పించి రాస్తారు. సాక్షుల విచారణ సాధారణంగా పిలుపులు అయ్యాకే మొదలవుతుంది. పైగా ఒక సెమిస్టరులో ఒక కేసు మొదటి నుంచి చివరి దాకా చూడటం జరిగే పని కాదు. ఏ కేసు ఏ దశలో ఉందో ముందే చూసుకుని వెళ్లాలి. కేసుల వివరాలు చూపే ఈ-కోర్ట్స్ యాప్‌లో ప్రతి కేసుకూ 16 అక్షరాల సీఎన్‌ఆర్ (కేసు గుర్తింపు) నంబరు ఉంటుంది, తర్వాతి వాయిదా ఎందుకు వేశారో కూడా కనిపిస్తుంది. వాది సాక్ష్యం దశలో ఉన్నవి ఆరేడు కేసులు ఎంచుకోవాలి. సాక్షి రాకపోవచ్చు, న్యాయమూర్తి సెలవులో ఉండొచ్చు, బార్ విధులు బహిష్కరించవచ్చు. ఆరింట్లో రెండు జరిగినా చాలు. వెళ్లేముందు ఆ కేసు న్యాయవాది అనుమతితో ప్లెయింటు, రిటన్ స్టేట్‌మెంట్ (ప్రతివాది జవాబు), ఇష్యూలు (కోర్టు తేల్చాల్సిన అంశాలు) చదవాలి. సివిల్ కేసుల్లో చీఫ్ (సాక్షి తన పక్షాన చెప్పే సాక్ష్యం) అఫిడవిట్ రూపంలో వచ్చేస్తుంది కాబట్టి చూడగలిగేది పత్రాలు మార్కు చేయడం, క్రాస్ (ఎదుటి పక్షం వేసే ప్రశ్నలు). పోలీసుల ముందు ఇచ్చిన వాంగ్మూలంతో సాక్షి విభేదించినప్పుడు ఆ భాగాన్ని ఎలా మార్కు చేస్తారో చూడాలంటే క్రిమినల్ కోర్టుకు వెళ్లాలి. సాక్షులు తెలుగులో చెబుతారు, చాలా కోర్టుల్లో వాంగ్మూలం ఇంగ్లీషులో నమోదవుతుంది. రికార్డులో రెండు నిలువు వరసలు గీయించండి. ఎడమవైపు విన్నది, కుడివైపు నమోదైంది. ఒక్క క్రాస్‌కు ఇలా రాసిన విద్యార్థికి, సాక్ష్యాధారాల చట్టం తరగతిలో నెల రోజులు చెప్పినదాని ప్రయోజనం తెలుస్తుంది.

ఇంటర్న్‌షిప్ మూడేళ్ల కోర్సుకు కనీసం 12 వారాలు, అయిదేళ్ల కోర్సుకు 20 వారాలు. ఏడాదిలో వరసగా నాలుగు వారాలకు మించకూడదు. ఇందులో తెలిసిన వకీలు లెటర్‌హెడ్ మీద సర్టిఫికెట్ తెచ్చుకోవడం మామూలైపోయింది. దీన్ని ఆపడానికి పెద్ద యంత్రాంగం అవసరం లేదు. డైరీలో రోజుకు ఒక కేసు సీఎన్‌ఆర్ నంబరు, ఆ రోజు కోర్టులో ఏం జరిగిందో రెండు వాక్యాలు రాయమనండి. వైవాలో పరీక్షాధికారి డైరీలోంచి మూడు తేదీలు ఎంచుకుని ఫోనులో యాప్ తెరిస్తే, ఆ కేసు ఆ రోజు నిజంగా వాయిదాకు ఉందో లేదో రెండు నిమిషాల్లో తేలిపోతుంది. అదే సమయంలో విద్యార్థులకు చోటు చూపించే బాధ్యత కూడా కాలేజీదే కావాలి. వకీళ్లెవరూ తెలియని ఇంటి నుంచి వచ్చిన పిల్లలు ఎవరి గుమ్మం ఎక్కాలి? జిల్లా బార్ అసోసియేషన్‌తో, ఉచిత న్యాయసహాయం అందించే జిల్లా న్యాయసేవాధికార సంస్థతో మాట్లాడి ఏటా జాబితా తయారుచేయండి. ఊళ్లోని కోర్టులో పని దొరికితే హైదరాబాదులో హాస్టల్ ఖర్చు తప్పుతుంది, నేర్చుకునేది కూడా ఎక్కువే ఉంటుంది.

క్లయింటు ఇంటర్వ్యూలకు కూడా న్యాయసేవాధికార సంస్థే సరైన చోటు. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం న్యాయ కళాశాలల్లో న్యాయసేవా క్లినిక్‌లు పెట్టించే బాధ్యతను జాతీయ సంస్థకు అప్పగించింది. మీ కాలేజీ గోడ మీద ఆ బోర్డు ఉండే ఉంటుంది. ఆ గదిలో వారానికి రెండు పూటలు ఒక ప్యానెల్ న్యాయవాది, ఇద్దరు విద్యార్థులు కూర్చునేలా చూడండి. విద్యార్థి సలహా చెప్పకూడదు, వినాలి, రాసుకోవాలి. సంఘటనల తేదీలు, చేతిలో ఉన్న కాగితాలు, ఇదివరకు వేసిన కేసులు, వచ్చిన మనిషికి ఏం కావాలి అన్నవి. చివరిది అడగడం చాలామంది మరచిపోతారు. మనోవర్తి కోసం వచ్చిందనుకున్నామె తన సర్టిఫికెట్లు, నగలు తెప్పించమని అడగడానికే వచ్చి ఉండొచ్చు.

హాజరు విషయం దాటేస్తే ఈ ఉత్తరం అసంపూర్ణంగా ఉంటుంది. ప్రతి సబ్జెక్టులో 70 శాతం ఉండాలని నియమం. 2024 సెప్టెంబరులో బయోమెట్రిక్, సీసీ కెమెరాల ఆదేశాలూ వచ్చాయి. అయినా ‘నాన్ అటెండింగ్’ (తరగతులకు రానక్కర్లేదు) అనే మాట అడ్మిషన్ల సమయంలో బాహాటంగా వినిపిస్తూనే ఉంది. ఆ పద్ధతిలో సీటు అమ్మేవారు విద్యార్థికి మేలు చేయడం లేదు. కానీ మూడేళ్ల కోర్సులో చేరేవారిలో ఉద్యోగస్తులు, ఇల్లు నడిపే మహిళలు ఎందరో ఉన్నారన్నది కూడా నిజం. నివాస సంస్థలు కాని కాలేజీల్లో పొద్దున 8 నుంచి రాత్రి 7 దాకా తరగతులు పెట్టుకోవచ్చు. ప్రాక్టికల్ గంటలను పొద్దున 8 నుంచి 10 మధ్యకో, సాయంత్రం 5 తర్వాతకో మార్చండి. పని ఉన్న తరగతికి మనుషులు వస్తారు. ఒకటి మాత్రం ఖాయం చేయండి: తరగతిలో రాసిన మొదటి ప్రతి లేకుండా ఆ అభ్యాసానికి మార్కు లేదు.

అధ్యాపకులకు భారమవుతుందన్న అభ్యంతరం న్యాయమైనదే, అందుకే లెక్క వేశాం. సెక్షన్‌లో 60 మంది, ఒక్కొక్కరికి 30 అభ్యాసాలు, మొత్తం 1,800. మొదటి ప్రతికి అయిదు నిమిషాలు చొప్పున 150 గంటలు. మళ్లీ వేసినప్పుడు అభ్యంతరాలు తీరాయో లేదో చూడటానికి రెండేసి నిమిషాలు, 60 గంటలు. 210 గంటలను 15 వారాలకు పంచితే వారానికి 14. ఒక్కరు మోయలేరు. ఇద్దరైతే ఏడేసి గంటలు. ఈ పేపరు ప్రాక్టీసులో ఉన్న న్యాయవాదుల, విశ్రాంత న్యాయమూర్తుల సాయంతో చెప్పించమని నియమాల్లోనే ఉంది. ఆ రెండో మనిషికి గంటల లెక్కన గౌరవవేతనం ఇవ్వండి, ఉచిత సేవ అడగకండి. ఉచితంగా వచ్చేవారు మూడో వారానికి రాలేరు.

బోర్డ్ ఆఫ్ స్టడీస్ సభ్యులు చేయవలసింది ఒక పేజీ ఉత్తర్వు. రికార్డులో ప్రతి అభ్యాసానికీ మొదటి ప్రతి, అభ్యంతరాల చీటీ, సరిచేసిన ప్రతి మూడూ కలిపి కుట్టి ఉండాలని, డైరీలో సీఎన్‌ఆర్ నంబర్లు ఉండాలని, బయటి పరీక్షాధికారి ప్రతి రికార్డులో కనీసం రెండు అభ్యాసాల మీద ప్రశ్నలు వేసి ఆ ప్రశ్నలు మార్కుల పట్టీలో రాయాలని. వచ్చే విద్యా సంవత్సరం టైం టేబుల్ వేసేలోపు ఈ ఉత్తర్వు కాలేజీలకు చేరితే, జూన్‌లో జిరాక్సు షాపుకు వెళ్లే పాత రికార్డులు పనికిరాకుండా పోతాయి. సంగతుల కాగితాలు, అభ్యంతరాల చీటీల నమూనాలు తెలుగులో, ఇంగ్లీషులో తయారుచేసి ఇవ్వడానికి మేము సిద్ధంగా ఉన్నాం.

ఇట్లు,
జిల్లా కోర్టుల్లో ప్రాక్టీసు చేస్తూ లా విద్యార్థులకు పాఠాలు చెప్పే కొందరు న్యాయవాదులు